ట్రిబ్యునల్ ఇచ్చిన ప్రమాద పరిహారం తక్కువైతే: హైకోర్టు అపీలులో లెక్క ఎక్కడ మారుతుంది

విజయవాడ హైవే మీద చౌటుప్పల్ నుంచి కోదాడ దాకా, బెంగళూరు హైవే మీద షాద్‌నగర్ నుంచి అలంపూర్ చౌరస్తా దాకా జరిగే ప్రమాదాల్లో కాళ్లు చేతులు విరిగినవాళ్ల కేసులు చివరికి నల్లగొండ, సూర్యాపేట, మహబూబ్‌నగర్, గద్వాల లాంటి జిల్లా కోర్టులకు చేరతాయి. ఏళ్లకేళ్లు తిరిగాక తీర్పు వస్తుంది. పది లక్షలు అడిగితే మూడు లక్షలు రాసి ఉంటుంది. అప్పుడు ఇంట్లో అందరి నోటా ఒకటే మాట: "హైకోర్టుకు పోతే ఎంత పెరుగుతది?"

తీర్పు కాపీ చదవకుండా ఈ ప్రశ్నకు ఎవరు జవాబు చెప్పినా అది ఊహే. అడిగింది పది, వచ్చింది మూడు అన్న ఒక్క మాటతో అపీలు గెలవదు. పిటిషన్‌లో అడిగిన మొత్తం చాలాసార్లు వకీలు అంచనాగా వేసిన అంకె. హైకోర్టు చూసేది వేరు. ట్రిబ్యునల్ తీసుకున్న ఆదాయం సరైనదా, వైకల్యం శాతం సరైనదా, రావలసిన పద్దు ఏదైనా వదిలేశారా, ఆ తప్పును చూపించే సాక్ష్యం ఇప్పటికే ఫైలులో ఉందా అన్నదే అక్కడ తేలుతుంది.

ఎవరి తీర్పు మీద, ఎక్కడికి అపీలు

గాయపడినవాళ్లు పరిహారం కోరుతూ వేసే పిటిషన్ 1988 నాటి మోటారు వాహనాల చట్టం 166వ సెక్షన్ కింద నడుస్తుంది. విచారించేది మోటారు ప్రమాదాల క్లెయిమ్స్ ట్రిబ్యునల్. పేరు వేరుగా ఉన్నా ఆ కుర్చీలో ఉండేది జిల్లా జడ్జి లేదా అదనపు జిల్లా జడ్జి. మన కోర్టుల్లో కేసుకు ఎం.వి.ఓ.పి. అని నంబరు పడుతుంది. చివర్లో ట్రిబ్యునల్ ఇచ్చే తీర్పును అవార్డు అంటారు. అవార్డు చెప్పిన 30 రోజుల్లో డబ్బు కట్టాలని 168వ సెక్షన్ చెబుతుంది.

ఆ అవార్డు మీద అపీలు 173వ సెక్షన్ కింద నేరుగా హైదరాబాద్‌లోని తెలంగాణ హైకోర్టుకు పోతుంది. అక్కడ దాని పేరు ఎం.ఏ.సి.ఎం.ఏ. మధ్యలో ఇంకో కోర్టు లేదు. సాధారణంగా ఒక్క జడ్జి వింటారు. ఆయన తీర్పు మీద హైకోర్టులోనే ఇద్దరు జడ్జిల దగ్గరికి మళ్లీ అపీలు వేయడానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 100-ఎ సెక్షన్ ఒప్పుకోదు. ఆ పైన మిగిలేది సుప్రీంకోర్టు ప్రత్యేక అనుమతి పిటిషన్. కాబట్టి గాయపడిన మనిషికి హైకోర్టు అపీలే దాదాపుగా చివరి అవకాశం.

ఇంకేం చదవకముందే చూసుకోవాల్సిన సంగతి ఒకటుంది. కేసు లోక్ అదాలత్‌లో రాజీ అయి సంతకాలు పెట్టి ఉంటే పరిహారం పెంచమని అపీలు వేసే దారి లేదు. లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం 21వ సెక్షన్ ప్రకారం లోక్ అదాలత్ అవార్డు అంతిమం. మోసంతో సంతకం తీసుకున్నారు లాంటి గట్టి కారణం ఉంటే రిట్ పిటిషన్ వేయాలని, అపీలు కుదరదని జలౌర్ సింగ్ కేసులో 2008లో సుప్రీంకోర్టు చెప్పింది. "ఇప్పుడు ఇచ్చింది తీసుకుందాం, మిగతాది తర్వాత కొట్లాడుదాం" అనుకొని లోక్ అదాలత్‌లో సంతకం పెట్టినవాళ్లకు ఆ 'తర్వాత' మిగలదు.

అవార్డు కాపీలో పద్దులు: కలిపేవి, గుణించేవి

గాయాల కేసులో పరిహారం ఏయే పద్దుల కింద ఇవ్వాలో 2010 చివర్లో వచ్చిన రాజ్ కుమార్ వర్సెస్ అజయ్ కుమార్ తీర్పు విడదీసి చెప్పింది. దేశంలోని ట్రిబ్యునళ్లన్నీ ఈ తీర్పునే ముందు పెట్టుకుంటాయి. ఆస్పత్రి, మందులు, రవాణా, పోషకాహారం ఖర్చులు ఒక పద్దు. మంచం మీద ఉన్న నెలల్లో పోయిన ఆదాయం ఇంకొకటి. శాశ్వత వైకల్యం వల్ల మిగతా జీవితంలో తగ్గే సంపాదన మూడోది. ముందు ముందు కావాల్సిన ఆపరేషన్ల ఖర్చు నాలుగోది. ఇవి డబ్బులో లెక్క కట్టగలిగినవి. లెక్కకు అందనివి కూడా ఉన్నాయి: నొప్పి, బాధ, నడక, ఆట, కింద కూర్చోవడం లాంటివి పోగొట్టుకోవడం (దీన్నే జీవన సౌకర్యాల నష్టం అంటారు), పెళ్లి అవకాశాలు తగ్గడం, ఆయుష్షు తగ్గడం.

చిన్న గాయాలకు ఖర్చులు, పోయిన నెలల ఆదాయం, నొప్పి-బాధ పద్దులతో సరిపోతుంది. వైకల్యం నిలిచిపోయిందని వైద్యుల సాక్ష్యం ఉన్నప్పుడే మిగతావి తెరుచుకుంటాయి.

నొప్పి-బాధకు ఇన్ని వేలు అని స్థిరమైన రేటు గాయాల కేసుల్లో లేదు. 2017 నాటి ప్రణయ్ సేఠీ తీర్పులో అంత్యక్రియలు, ఆస్తి నష్టం, భార్యాభర్తల సాహచర్యం పద్దులకు పెట్టిన స్థిర మొత్తాలు మరణాల కేసులవి. వాటిని తెచ్చి గాయాల కేసులో హద్దుగా చూపిస్తే అది తప్పు పోలిక.

అపీలు దృష్టితో చూస్తే పద్దులన్నీ ఒక్క బరువు కాదు. మందుల బిల్లు, రవాణా, నొప్పి లాంటివి ఒకదానికొకటి కలిపేవి. 'భవిష్యత్ సంపాదన నష్టం' ఒక్కటే గుణించి వచ్చేది. నెల ఆదాయం, దానికి 12, దాని మీద భవిష్యత్ పెరుగుదల (ముందు ముందు ఆదాయం పెరుగుతుందని కలిపే శాతం), వైకల్యం శాతం, వయసును బట్టి గుణకం. కోర్టులో అందరూ మల్టిప్లయర్ అనే ఈ గుణకం 2009 నాటి సరళా వర్మ తీర్పు పట్టిక నుంచి వస్తుంది. 15 నుంచి 25 ఏళ్ల వారికి 18, ఆ పైన 30 దాకా 17, 35 దాకా 16, 40 దాకా 15, 45 దాకా 14, 50 దాకా 13, 55 దాకా 11, 60 దాకా 9, 65 దాకా 7, ఆ పైన 5. మరణాల కేసులో సొంత ఖర్చుల కింద మూడో వంతో నాలుగో వంతో తీసేస్తారు. గాయాల కేసులో మనిషి బతికే ఉన్నాడు, తన ఖర్చు తనకు ఉంటుంది. అందుకే ఆ కోత ఉండదు. అలవాటుగా ఆ కోత వేసిన అవార్డు ఎదురైతే, అపీలులో అదొక్కటే బలమైన కారణం అవుతుంది.

దేవరకొండ తాపీమేస్త్రీ లెక్క

ఊహించిన ఉదాహరణ ఒకటి చూద్దాం. దేవరకొండ దగ్గరి ఊరు, 32 ఏళ్ల తాపీమేస్త్రీ. 2019లో బైకు మీద పోతుండగా లారీ గుద్దింది. కుడి తొడ ఎముక, కింద పిక్క ఎముక విరిగాయి. రాడ్డు, ప్లేటు వేశారు. ఎముక అతికింది కానీ కాలు పొట్టి అయింది, మోకాలు పూర్తిగా వంగదు. వైకల్యం సర్టిఫికెట్‌లో కుడి కాలికి 40 శాతం అని ఉంది.

ట్రిబ్యునల్ నెలకు 6,000 ఆదాయం, మొత్తం శరీరానికి 15 శాతం వైకల్యం, గుణకం 16 తీసుకుంది. భవిష్యత్ పెరుగుదల ఇవ్వలేదు. 6,000ను 12తో గుణిస్తే 72,000. అందులో 15 శాతం 10,800. దాన్ని 16తో గుణిస్తే 1,72,800. బిల్లులకు 85,000, నొప్పి-బాధకు 30,000, మూడు నెలల ఆదాయం 18,000, రవాణా-ఆహారం 10,000. అన్నీ కలిపి 3,15,800 రూపాయలు.

ఇప్పుడు ఒక్కొక్క అంకె మార్చి చూద్దాం. ఆదాయం ఒక్కటే 12,000 చేస్తే సంపాదన నష్టం 3,45,600 అవుతుంది. వైకల్యం ఒక్కటే 30 శాతం చేసినా అదే 3,45,600. భవిష్యత్ పెరుగుదల 40 శాతం ఒక్కటే కలిపితే 2,41,920. మూడూ ఒకేసారి మారితే నెలకు 16,800, ఏడాదికి 2,01,600, అందులో 30 శాతం 60,480, దాన్ని 16తో గుణిస్తే 9,67,680. అంటే 5.6 రెట్లు.

దీనికి బిల్లులు 85,000, నొప్పి-బాధ 75,000, ఎనిమిది నెలల ఆదాయం 96,000, రవాణా, ఆహారం, తోడున్న మనిషి ఖర్చు 40,000, రాడ్డు తీసే ఆపరేషన్‌కు 40,000, జీవన సౌకర్యాల నష్టం 50,000 కలిపితే 13,53,680. తేడా 10,37,880.

ఇది అపీలు పూర్తిగా నెగ్గితే వచ్చే లెక్క. చాలా అపీళ్లు మధ్యలో తేలతాయి. ఆదాయం 9,000, వైకల్యం 20 శాతం, పెరుగుదల 40 శాతం అని హైకోర్టు అనుకుంటే సంపాదన నష్టం 4,83,840. అదైనా ట్రిబ్యునల్ ఇచ్చినదానికి రెండున్నర రెట్ల పైమాటే. నొప్పి-బాధ కింద 30,000ను 50,000 చేయించడానికి పేజీలకు పేజీలు రాసి, వైకల్యం శాతం గురించి ఒక్క వాక్యంతో సరిపెట్టిన అపీలు మెమోలో (అపీలు కారణాలు రాసే కాగితంలో) బలం తప్పు చోట ఖర్చయినట్టే.

సర్టిఫికెట్‌లో 40, తీర్పులో 15: ఈ తేడా ఎక్కడిది

ఎక్కువ మంది అన్యాయం జరిగిందని అనుకునేది ఇక్కడే. సర్టిఫికెట్‌లో ఉన్న 40 శాతం కాలికి మాత్రమే. మొత్తం శరీరానికి చూస్తే అది తగ్గుతుంది. కాలి శాతంలో మూడో వంతు తీసుకునే అలవాటు కొన్ని కోర్టుల్లో ఉంది. అక్కడి నుంచి 13, 15 లాంటి అంకెలు వస్తాయి. కానీ రాజ్ కుమార్ తీర్పు ఇంకో మెట్టు ఎక్కమంది. శరీరానికి ఎంత నష్టమన్నది ఒక ప్రశ్న, ఆ మనిషి చేసే పనికి ఎంత నష్టమన్నది వేరే ప్రశ్న. ఎడమ చెయ్యి పోతే శరీర వైకల్యం 60 శాతం దాకా ఉండవచ్చు. అతను డ్రైవరో వడ్రంగో అయితే సంపాదన నష్టం దాదాపు నూటికి నూరు. ప్రభుత్వ ఆఫీసులో గుమాస్తా అయితే ఉద్యోగం పోకపోవచ్చు, సంపాదన నష్టం చాలా తక్కువ కావచ్చు. ఈ పోలిక ఆ తీర్పులోదే.

దీని రెండో వైపు కూడా చూడాలి. అదే రాజ్ కుమార్ కేసులో సర్టిఫికెట్ ఎడమ కాలికి 45 శాతం అంటే, కోర్టు శరీరానికి 25 శాతంగా, సంపాదన నష్టం 20 శాతంగా తీసుకుంది. అంటే ట్రిబ్యునల్ శాతం తగ్గించడమే తప్పు కాదు. ఎందుకు తగ్గించిందో చెప్పకపోవడం, ఆ మనిషి పనిని లెక్కలోకి తీసుకోకపోవడం తప్పు.

మన మేస్త్రీ విషయంలో అడగాల్సినవి ఇవి: పరంజా ఎక్కగలడా? గొంతుకూర్చొని ఇటుక పేర్చగలడా? ఇసుక తట్ట మోస్తూ నడవగలడా? వీటికి జవాబు డాక్టర్ సాక్ష్యంలో ఉండాలి. డాక్టర్ బోనులోకి రాకుండా సర్టిఫికెట్ కాగితం ఒక్కటే పెడితే పరిహారం కట్టాల్సిన ఇన్సూరెన్స్ కంపెనీ వకీలు మొదటి దెబ్బ అక్కడే కొడతారు. వైద్యం చేసిన డాక్టర్ కాదు, తర్వాత ఎప్పుడో చూసి రాసిచ్చారు అంటారు. అడిగిందే తడవుగా రాసిచ్చే సర్టిఫికెట్లతో జాగ్రత్తగా ఉండాలని సుప్రీంకోర్టు కూడా ట్రిబ్యునళ్లను హెచ్చరించింది. పింఛను కోసం సదరం శిబిరంలో తీసుకున్న సర్టిఫికెట్ మెడికల్ బోర్డు ఇచ్చినదే అయినా, అది పింఛను అర్హతను చెబుతుంది తప్ప మేస్త్రీ పనికి ఎంత నష్టమో చెప్పదు. శాతం ఎంతో చెప్పడం డాక్టర్ పని. దాన్నుంచి సంపాదన నష్టం తేల్చడం కోర్టు పని.

పాపు దేవ్ యాదవ్ కేసు ఈ రెండింటి మధ్య దూరాన్ని బాగా చూపిస్తుంది. టైపింగ్, డేటా ఎంట్రీ చేసే యువకుడు కుడి చెయ్యి పోగొట్టుకున్నాడు. సర్టిఫికెట్ 89 శాతం అంది. హైకోర్టు 45 శాతం తీసుకుంది. 2020లో సుప్రీంకోర్టు 65 శాతం చేసింది.

జీతం స్లిప్పు లేని ఆదాయం

పాలమూరు, నల్లగొండ కేసుల్లో కూలీలు, మేస్త్రీలు, మిల్లు హమాలీలు, ఆటో డ్రైవర్లు, కౌలు రైతులు ఎక్కువ. వీళ్లెవరికీ జీతం కాగితం ఉండదు. నెలకు 20,000 సంపాదిస్తానని పిటిషన్‌లో రాస్తారు, రుజువు ఉండదు. ట్రిబ్యునల్ తనకు తోచిన అంకె వేస్తుంది.

ఇన్సూరెన్స్ కంపెనీల వాదన తీసిపారేయదగ్గది కాదు. రుజువు లేని ప్రతివాళ్లకూ నోటితో చెప్పిన ఆదాయం ఇస్తే ఒకే రకమైన రెండు కేసుల్లో రెండు రకాల పరిహారం వస్తుంది, కాబట్టి ప్రభుత్వం ప్రకటించిన కనీస వేతనాన్ని కొలతగా పెట్టుకోవాలి అంటాయి. గాయపడినవాళ్ల వైపు వాదన వేరు. కనీస వేతనం పేరులోనే కనీసం, నైపుణ్యమున్న మేస్త్రీ దినకూలి దానికంటే ఎక్కువని ఊళ్లో అందరికీ తెలుసు. ఈ విషయంలో సుప్రీంకోర్టు మొగ్గు రెండో వైపే. 2004 ప్రమాదంలో గాయపడిన కూలీకి రుజువు లేకపోయినా రామచంద్రప్ప కేసులో నెలకు 4,500 ఒప్పుకుంది. 2008 ప్రమాదంలో కాలు పోయిన కూరగాయల వ్యాపారికి సయ్యద్ సాదిక్ కేసులో 6,500 ఇచ్చింది. కూరగాయలు అమ్మేవాడి దగ్గర కాగితాలు ఆశించడం సరికాదంది. ఈ రెండు అంకెల మధ్య ఏడాదికి 500 చొప్పున పెరుగుదల కనిపిస్తుంది. అదే వరసలో పోతే 2019కి 12,000 పడుతుంది. ఇది చట్టం పెట్టిన సూత్రం కాదు, అపీలులో పెట్టుకోదగ్గ వాదన. పై లెక్కలో 12,000 తీసుకున్నది దీని మీదే.

చిన్న కాగితాలకూ విలువ ఉంటుంది. డ్రైవింగ్ లైసెన్సులో వాహనం రకం, భవన నిర్మాణ కార్మికుల సంక్షేమ బోర్డు కార్డు, మిల్లు హాజరు పుస్తకం, బ్యాంకు పాస్‌బుక్కులో నెలనెలా పడ్డ జమలు. ఇవి ఆదాయం ఎంతో చెప్పకపోయినా వృత్తి ఏమిటో చెబుతాయి. వృత్తి తేలితే వైకల్యం శాతం మీద వాదన కూడా నిలబడుతుంది.

ఇంటి పని చేసే ఆడవాళ్లకు ఆదాయం లేదని సున్నా వేయడం కుదరదు. గృహిణి పనికి ఊహాత్మక ఆదాయం కట్టాలని కీర్తి కేసులో 2021లో సుప్రీంకోర్టు మళ్లీ స్పష్టం చేసింది. పిల్లల విషయంలో రెండు దారులున్నాయి. 2013 నాటి మాస్టర్ మల్లికార్జున్ తీర్పు 10 నుంచి 30 శాతం వైకల్యానికి 3 లక్షలు, 60 దాకా 4 లక్షలు, 90 దాకా 5 లక్షలు, ఆ పైన 6 లక్షలు అని స్థిరంగా పెట్టింది. 2020 నాటి కాజల్ కేసులో పూర్తిగా మంచం పట్టిన పన్నెండేళ్ల పాపకు సుప్రీంకోర్టు నైపుణ్యమున్న కార్మికుడి కనీస వేతనం ఆధారంగా గుణకం లెక్కే వేసింది, తోడుగా ఉండే మనిషి జీతాన్ని కూడా గుణకంతోనే లెక్కగట్టింది. తీవ్ర వైకల్యం ఉన్న పిల్లల కేసులో ఏ తీర్పును ముందు పెడితే అంత తేడా.

భవిష్యత్ పెరుగుదల: వదిలేసిన పద్దుల్లో పెద్దది

మనిషి ఆదాయం ఉన్నచోటే ఉండదు కాబట్టి కొంత శాతం కలపాలన్నది ప్రణయ్ సేఠీ తీర్పు. సొంత పని లేదా స్థిర వేతనం ఉన్నవాళ్లకు 40 ఏళ్ల లోపు 40 శాతం, 40 నుంచి 50 మధ్య 25, 50 నుంచి 60 మధ్య 10. శాశ్వత ఉద్యోగులకు అదే క్రమంలో 50, 30, 15. అది మరణం కేసు కావడంతో, గాయపడి బతికున్నవాళ్లకు ఇది వర్తించదని, వర్తించినా పూర్తి వైకల్యానికే అని కంపెనీలు వాదించేవి. కొన్ని హైకోర్టులూ అలాగే ఇచ్చాయి. శాశ్వత వైకల్యం పాక్షికమే అయినా భవిష్యత్ పెరుగుదల ఇవ్వాలని పాపు దేవ్ యాదవ్ తీర్పు తేల్చేసింది. ఆ తర్వాత కూడా ఈ పద్దు లేకుండా వచ్చిన అవార్డు కనిపిస్తే, కొత్త సాక్ష్యం ఏదీ అక్కర్లేకుండా చట్టం మీదే నెగ్గగలిగే వాదన అది.

జీతం ఆగని ఉద్యోగి మాట వేరు. కాలు కుంటుపడినా టీచరుకు జీతం వస్తూనే ఉంటుంది. సంపాదన నష్టం లేదన్న కంపెనీ వాదన అక్కడ బలమైనదే. అలాంటి కేసుల్లో పదోన్నతి ఆగిందని, స్వచ్ఛందంగా పదవీ విరమణ చేయాల్సి వచ్చిందని చూపగలిగితే తప్ప, పెరిగేది జీవన సౌకర్యాల నష్టం, నొప్పి-బాధ పద్దుల కిందే.

90 రోజులు ఎప్పుడు మొదలై ఎప్పుడు ఆగుతాయి

అపీలు గడువు అవార్డు తేదీ నుంచి 90 రోజులు. సర్టిఫైడ్ కాపీ కోసం కోర్టు తీసుకున్న రోజులు ఇందులోంచి పోతాయి. ఆ లెక్క కాపీ మీద వేసిన ముద్రలోనే ఉంటుంది. దరఖాస్తు ఇచ్చిన తేదీ, ఛార్జీలు కట్టమన్న తేదీ, కట్టిన తేదీ, కాపీ సిద్ధమైన తేదీ, తీసుకున్న తేదీ అని వరసగా గళ్లు ఉంటాయి. దరఖాస్తు నుంచి కాపీ సిద్ధమయ్యే దాకా రోజులు మినహాయింపు. ఛార్జీలు కట్టమన్నాక మనం ఆలస్యం చేసిన రోజులు మినహాయింపులోకి రావు. సిద్ధమైన కాపీని నెల తర్వాత తెచ్చుకుంటే ఆ నెల మన ఖాతాలోనే పడుతుంది. 90 రోజులు దాటాక కాపీకి దరఖాస్తు చేస్తే మినహాయించడానికి ఏమీ మిగలదు. 2022 జూన్‌లో రాష్ట్రంలో జిల్లా కోర్టులు 33 అయ్యాక కేసు నడుస్తుండగానే వేరే కోర్టుకు మారి, నంబరు కూడా మారినవి ఉన్నాయి. పాత నంబరుతో కాపీ అడిగితే తిరిగొస్తుంది. ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో సి.ఎన్.ఆర్. నంబరు (ప్రతి కేసుకు విడిగా ఉండే గుర్తింపు నంబరు) కొడితే ఇప్పుడు ఏ కోర్టులో ఉందో తెలుస్తుంది.

గడువు దాటితే తలుపు పూర్తిగా మూసుకోదు. తగిన కారణం ఉంటే హైకోర్టు ఆలస్యాన్ని మన్నించవచ్చని 173వ సెక్షన్‌లోనే ఉంది. గాయపడిన పేదవాళ్ల విషయంలో కోర్టులు ఉదారంగానే చూస్తాయి. కానీ మన్నిస్తూనే ఆ ఆలస్యపు రోజులకు వడ్డీ లేదని షరతు పెట్టడం మామూలు. మన ఉదాహరణలో పెరిగిన 10,37,880 మీద 7.5 శాతం వడ్డీ ఏడాదికి 77,841. అపీలు 400 రోజులు ఆలస్యమైతే పోయే వడ్డీ సుమారు 85,300 రూపాయలు.

లక్ష రూపాయల గీత

అపీలులో వివాదం లక్ష రూపాయల లోపు ఉంటే అపీలు కుదరదు. ఇంతకుముందు ఈ హద్దు 10,000. 2019 సవరణలో పెంచారు, 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. చూడాల్సింది మొత్తం పరిహారం కాదు, అపీలులో పెంచమని అడిగే మొత్తం. మూడు లక్షల అవార్డు మీద 80,000 పెంచమంటే ఈ గీత కిందికి వస్తుంది. 2022కు ముందే ట్రిబ్యునల్‌లో వేసిన కేసులకు కొత్త హద్దు పెట్టవచ్చా అన్న చోట వాదన ఉంది. కేసు వేసిన రోజునే అపీలు హక్కు పుడుతుందని గరికపాటి వీరయ్య కేసులో 1957లోనే సుప్రీంకోర్టు చెప్పింది కాబట్టి పాత కేసులకు పాత హద్దే ఉండాలన్నది గాయపడినవాళ్ల తరఫు వాదన.

ఇన్సూరెన్స్ కంపెనీ కూడా అపీలు వేస్తే

"హైకోర్టుకు పోతే ఉన్నది కూడా పోతదేమో" అన్న భయం చాలా ఇళ్లలో ఉంటుంది. పెంచమని మనం ఒక్కరమే అపీలు వేస్తే, అందులో పరిహారం తగ్గించడం కుదరదని 2011 నాటి రంజనా ప్రకాశ్ తీర్పు చెబుతోంది. తగ్గాలంటే కంపెనీ సొంతంగా అపీలు వేయాలి, లేదా మన అపీలు నోటీసు అందిన నెలలోపు క్రాస్ అబ్జెక్షన్స్ (అదే అపీలులో ఎదుటి పక్షం వేసే సొంత అభ్యంతరాలు) వేయాలి. కంపెనీ అపీలు వేయాలంటే 25,000 లేదా అవార్డులో సగం, ఏది తక్కువైతే అది ముందుగా జమ చేయాలి. గాయపడినవాళ్లకు ఈ జమ షరతు లేదు.

దీన్ని తిప్పి చూస్తే చిక్కు వస్తుంది. కంపెనీ మాత్రమే అపీలు వేసింది, మనం ఏమీ వేయలేదు. అందులో మనకు పెరుగుతుందా? పెరగదంటుంది రంజనా ప్రకాశ్ తీర్పు. ట్రిబ్యునల్ వదిలేసిన పద్దులను చూపి ఉన్న మొత్తాన్ని కాపాడుకోవచ్చు, అంతే. సురేఖ వర్సెస్ సంతోష్ ఘాడ్గే కేసులో 2020లో అదే సుప్రీంకోర్టు, ఎక్కువ రావాలని తేలాక క్రాస్ అపీలు లేదన్న సాంకేతిక కారణంతో ఆపొద్దంది. రెండు తీర్పులూ ఉన్నాయి, ఏది తమ ముందున్న కేసుకు సరిపోతుందో బెంచీ తేలుస్తుంది. కంపెనీ అపీలు నోటీసు ఇంటికి వచ్చిన రోజు నుంచి నెల లోపు క్రాస్ అబ్జెక్షన్స్ పడితే ఈ చర్చే అవసరం లేదు. ఆ నోటీసును బీరువాలో పెట్టి మర్చిపోవడం వల్ల జరిగే నష్టం ఇదే.

మన తప్పు కూడా ఉందని ట్రిబ్యునల్ 25 శాతమో సగమో కోసి ఉంటే, అది మొత్తం మీద పడే కోత కాబట్టి అపీలు మెమోలో దానికి వేరే కారణాలు రాయాలి. బైకు మీద ముగ్గురు ఉన్నారన్న ఒక్క సంగతితో కోత వేయకూడదని, ఆ ముగ్గురి వల్లే ప్రమాదం జరిగిందని లేదా గాయం పెరిగిందని తేలాలని మహమ్మద్ సిద్దిఖ్ కేసులో 2020లో సుప్రీంకోర్టు అంది.

కొత్త కాగితాలు, కోర్టు ఫీజు, చేతికొచ్చే డబ్బు

హైకోర్టులో సాక్షులను మళ్లీ పిలవరు. ట్రిబ్యునల్‌లో గుర్తు వేసిన కాగితాలు, నమోదైన సాక్ష్యాల మీదే వాదన. కొత్త కాగితం పెట్టాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డర్ 27వ రూల్ కింద పిటిషన్ వేసి, అప్పుడు ఎందుకు పెట్టలేకపోయామో చెప్పాలి. అవార్డు తర్వాత రాడ్డు విరిగి మళ్లీ ఆపరేషన్ అయితే ఆ కారణం బలమైనది. మొదట్లో ఉన్న బిల్లులనే ఇప్పుడు వెతికి తెచ్చామంటే కష్టం. డాక్టర్‌ను అసలు విచారించని కేసుల్లో ట్రిబ్యునల్‌కే తిప్పి పంపే అవకాశం కూడా ఉంది. దానికి ఇంకొన్నేళ్లు పడుతుంది.

ఆరోగ్యశ్రీలో ఆపరేషన్ అయినవాళ్ల దగ్గర బిల్లులు ఉండవు. జేబులోంచి పెట్టని ఖర్చు కాబట్టి ఆ పద్దు చిన్నదే అవుతుంది. డిశ్చార్జి సమ్మరీ ఉంటే మాత్రం గాయం ఎంత పెద్దదో, ఎన్ని రోజులు ఆస్పత్రిలో ఉన్నారో తెలుస్తుంది. నొప్పి-బాధ, పోయిన నెలల ఆదాయం దాని మీదే లెక్క కడతారు.

పిటిషన్‌లో అడిగిన దానికంటే ఎక్కువ ఇవ్వకూడదన్న నియమం లేదని 2002లో నాగప్ప వర్సెస్ గురుదయాళ్ సింగ్ తీర్పులోనే తేలింది. మన మేస్త్రీ పిటిషన్‌లో పది లక్షలే అడిగి ఉన్నా 13,53,680 రావచ్చు. అప్పుడు అడిగినదానికి పైన వచ్చిన మొత్తానికి తక్కువ పడిన కోర్టు ఫీజు కట్టమని హైకోర్టు అంటుంది. అది కట్టిన తర్వాతే ఆ డబ్బు చేతికి వస్తుంది. వికలాంగులకు, మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం పొందే హక్కు ఉంది. జిల్లా న్యాయ సేవాధికార సంస్థ నుంచి హైకోర్టు న్యాయ సేవల కమిటీకి దరఖాస్తు పోతుంది. వైకల్యం కేసులో అపీలు వేసే మనిషి దగ్గర సర్టిఫికెట్ ఎలాగూ ఉంటుంది, అయినా ఈ దారి వాడుకునేవాళ్లు తక్కువ.

ట్రిబ్యునల్ ఇచ్చిన మొత్తాన్ని తీసుకోవడం అపీలుకు అడ్డు కాదు. తీసుకుంటే ఒప్పుకున్నట్టే అన్న మాట వినపడుతుంది, అది నిజం కాదు. కంపెనీ అపీలులో స్టే వచ్చినా జమ చేసిన దాంట్లో కొంత తీసుకోవడానికి హైకోర్టు అనుమతించడం మామూలే. పెరిగిన మొత్తం కూడా మళ్లీ జిల్లా ట్రిబ్యునల్‌లోనే జమ అవుతుంది. కంపెనీ జమ చేయకపోతే, 169వ సెక్షన్ కింద సివిల్ కోర్టు డిక్రీలా అమలు చేయించే అధికారం ట్రిబ్యునల్‌కు ఉంది. డబ్బు జమ అయినట్టు హైదరాబాద్ నుంచి కబురు రాదు. హైకోర్టు తీర్పు కాపీతో ట్రిబ్యునల్‌లో చెక్కు పిటిషన్ వేసి, బ్యాంకు పాస్‌బుక్కు, ఆధార్ నకలు జత చేశాక డబ్బు విడుదలవుతుంది.